పాత గుడికి జేసీబీ తెచ్చే ముందు

ఆలయ కమిటీ పెద్దలకు, సర్పంచులకు, ఊరి యువకులకు, గుడి బాగు కోసం దూరదేశాల నుంచి చందాలు పంపే మనవాళ్లకు విన్నపం.

మన ఊళ్లలో పాడుబడ్డ గుడి చుట్టూ రెండు పనులు జోరుగా సాగుతున్నాయి. మొదటిది, అది ఎవరిదన్న తగువు. బౌద్ధులదని ఒకరు, జైనులదని ఒకరు, ఆది నుంచీ శైవమేనని మరొకరు, అసలు మనుషులు కట్టిందే కాదని సెల్‌ఫోన్లో ఇంకొకాయన. రెండోది, జీర్ణోద్ధరణ. చందాలు పోగవుతాయి, ముహూర్తం పెడతారు, తెల్లారేసరికి జేసీబీ దిగుతుంది. మొదటి తగువును తేల్చగల సాక్ష్యం రెండో పనిలో మట్టిపాలవుతోంది. తగువు ఆపమని మేం అడగడం లేదు. సాక్ష్యాన్ని చంపవద్దంటున్నాం.

పల్నాడు జిల్లా చేజర్లలోని కపోతేశ్వరాలయాన్ని చూడండి. గర్భగుడి వెనక భాగం గుండ్రంగా తిరిగి ఉంటుంది, పైకప్పు గూడుబండి కప్పులా వంగి ఉంటుంది. గజపృష్ఠాకారం అంటారు దీన్ని. బౌద్ధుల చైత్యగృహాలు ఇదే తీరులో ఉంటాయి కనుక ఇదీ ఒకప్పటి చైత్యమేననీ, తర్వాత శివాలయమైందనీ వందేళ్ల కిందటి పండితులు రాశారు. ఆ మాట అలాగే స్థిరపడిపోయింది. అయితే 1954 నుంచి 1960 దాకా, సాగర్ నీళ్లు కమ్మేయకముందు, నాగార్జునకొండ లోయలో జరిగిన తవ్వకాల్లో స్తూపాలూ విహారాలతో పాటు ఇక్ష్వాకుల నాటి దేవాలయాలు కూడా బయటపడ్డాయి. అష్టభుజస్వామి, పుష్పభద్రస్వామి అన్న దేవుళ్ల పేర్లు అక్కడి శాసనాల్లోనే ఉన్నాయి. ఆ పుష్పభద్రస్వామి గుడి కూడా గజపృష్ఠమే. అంటే ఆ కాలంలో గుండ్రటి గోడ ఏ ఒక్క మతం సొత్తూ కాదు. ఆకారాన్ని చూసి మతం చెప్పేయడం కుదరదని తేలిపోయింది.

మరి కథ? చేజర్ల స్థలపురాణం శిబి చక్రవర్తిది. డేగ నుంచి పావురాన్ని కాపాడటానికి ఒంటి మాంసం కోసి ఇచ్చిన రాజు కథ. బౌద్ధ జాతకాల్లో శిబి ఉన్నాడు కాబట్టి ఇది బౌద్ధ క్షేత్రమని ఒక వాదం. మహాభారతంలోనూ ఉన్నాడు కదా! కథ ఇద్దరిదీ అయినప్పుడు అది ఎవరి తరఫున సాక్ష్యం చెబుతుంది? మా లెక్కలో చేజర్ల తగువు ఇంకా తేలలేదు. బౌద్ధమేనని బల్లగుద్దేవాళ్లూ, ఎన్నడూ కాదని కొట్టిపారేసేవాళ్లూ చేతిలో ఉన్న ఆధారానికి మించి మాట్లాడుతున్నారు. తేల్చేది ఏదైనా ఉంటే అది గోడ కింద ఇటుక వరసల్లో, నేల పొరల్లో, చుట్టుపక్కల రాళ్ల మీది అక్షరాల్లో ఉండాలి.

ఉంటే తేలుతుందా? తేలుతుంది. తిరుపతి జిల్లా ఏర్పేడు దగ్గర గుడిమల్లం అందుకు రుజువు. అక్కడి పరశురామేశ్వరుడి లింగం సుమారు ఐదడుగుల ఎత్తు. దాని ముందుభాగంలో, ఒక మరుగుజ్జు యక్షుడి భుజాల మీద నిలబడి, చేతుల్లో పొట్టేలు, గిన్నె, గొడ్డలి పట్టుకున్న శివుడి రూపం చెక్కి ఉంది. 1911లో టి.ఎ. గోపీనాథరావు ఈ లింగాన్ని పండితుల దృష్టికి తెచ్చారు. క్రీస్తు పూర్వం రెండో శతాబ్దానిదని కొందరు, కాదు ఆ తర్వాతిదని కొందరు, శిల్పం తీరు చూసి దశాబ్దాల పాటు వాదించుకున్నారు. గుడి గోడల మీద పల్లవుల నాటి నుంచి చోళుల దాకా శాసనాలున్నాయి. దీపాలకూ నైవేద్యాలకూ ఇచ్చిన దానాలు రాశారు గానీ, మొదట కట్టినవాడి పేరు ఒక్కదానిలోనూ లేదు. గోడ చెప్పలేకపోయిన మాటను చివరికి నేల చెప్పింది. 1973లో ఐ.కె. శర్మ ఆధ్వర్యంలో పురావస్తు శాఖ గర్భగుడిలో తవ్వితే, లింగం చుట్టూ చదరంగా రాతి కంచె కనిపించింది. అంటే తొలిరోజుల్లో స్వామి ఆరుబయటే ఉన్నాడు. దాని మీద శాతవాహనుల కాలపు పెద్ద ఇటుకలతో కట్టిన గజపృష్ఠాలయం అవశేషాలు దొరికాయి. ఆ పైన ఇప్పుడు మనం చూస్తున్న రాతి గుడి. ఏ పొర మీద ఏ పొర ఉందో కంటికి కనబడింది. లింగం కచ్చితంగా ఏ శతాబ్దానిదన్న చర్చ ఇంకా ఉండవచ్చు గానీ, ఆ చర్చకు ఇప్పుడు కాళ్ల కింద నేల ఉంది.

ఇక్కడొక సంగతి గమనించాలి. విక్రమచోళుడి కాలంలో, 1126 ప్రాంతంలో, ఆ గుడిని మళ్లీ కట్టారు. అదీ జీర్ణోద్ధరణే. కానీ ఆనాటివాళ్లు పాతదాని మీదే కొత్తది కట్టుకున్నారు. చేతిపలుగుకు అంతకు మించి ఓపిక లేదు. ఎనిమిది వందల ఏళ్ల తర్వాత కూడా కింద కంచె కంచెలాగే, ఇటుక ఇటుకలాగే మిగిలింది. ఇప్పుడు మనం కాంక్రీటు స్తంభానికి పది అడుగుల గుంట తీస్తే, ఆ పొరలన్నీ ఒక్క పూటలో కలిసి ట్రాక్టరెక్కి చెరువుగట్టుకు పోతాయి. పూర్వం వాళ్లూ మార్చారు కదా, మేం మారిస్తే తప్పేమిటని అడిగేవాళ్లకు మా జవాబు ఇదే.

పోయిన సాక్ష్యం ఎలా ఉంటుందో అమరావతిలో చూశాం. పద్దెనిమిదో శతాబ్దం చివర్లో జమీందారు వాసిరెడ్డి వెంకటాద్రి నాయుడు కొత్త పట్నం కట్టుకుంటూ ఇటుకల కోసం, రాళ్ల కోసం దీపాలదిన్నె అనే బౌద్ధ స్తూపపు దిబ్బను తవ్వించాడు. చలువరాతి పలకలు కొన్ని మెట్లయ్యాయి, కొన్ని సున్నపు బట్టీకి పోయాయి. ఆ కబురు విని ఈస్టిండియా కంపెనీ సర్వేయరు కర్నల్ మెకంజీ వచ్చాడు. 1816 తర్వాత ఆయన మనుషులు గీసిన బొమ్మల్లోని కొన్ని పలకలు ఈనాడు ఎక్కడా లేవు. 1845లో కంపెనీ అధికారి వాల్టర్ ఇలియట్ తవ్వి మద్రాసుకు పంపించిన రాళ్లు ఆ తర్వాత లండన్ చేరాయి. 1880లో మద్రాసు గవర్నరు హుకుంతో దిబ్బను సాంతం ఊడ్చి పారేశారు. తెల్లవాడు ఎత్తుకుపోయాడని మనం తిట్టుకుంటాం, తిట్టుకోవలసిందే. కానీ సున్నం కాల్చినవాళ్లు మనవాళ్లే. ఏ పలక ఏ మట్టి పొరలో, ఏ పలక పక్కన ఉండేదో రాసిపెట్టినవాడు లేకపోవడంతో, స్తూపం ఏ దశలో ఎప్పుడు పెరిగిందన్న చర్చ నేటికీ చాలామటుకు శిల్పాల పోలికల మీదే నడుస్తోంది. రాళ్లు లండన్ నుంచి రేపే తిరిగొచ్చినా ఆ సమాచారం తిరిగి రాదు.

సెల్‌ఫోను వీడియోల గురించి ఎక్కువ చెప్పనక్కర్లేదు గానీ రామప్ప గుడి సంగతి చెప్పుకోవాలి. ములుగు జిల్లా పాలంపేటలో ఆ గుడి ఆవరణలోనే శాసన స్తంభం నిలబడి ఉంది. కాకతీయ గణపతిదేవుడి సేనాని రేచర్ల రుద్రుడు శక సంవత్సరం 1135, అంటే 1213లో రుద్రేశ్వరుణ్ని ప్రతిష్ఠించాడని అందులో ఉంది. 2021లో యునెస్కో జాబితాకెక్కింది కూడా కాకతీయ రుద్రేశ్వర (రామప్ప) ఆలయం పేరుతోనే. ఆ గుడి శిఖరంలోని నీళ్లలో తేలే ఇటుకలు కూడా మాయ కాదు. మట్టిలో కాలిపోయే పదార్థం కలిపి కాలిస్తే లోపల సన్నటి ఖాళీలు మిగిలి ఇటుక తేలికవుతుంది. శిఖరం బరువు తగ్గించాలన్న ఆలోచన మన కుమ్మరిదీ మన స్థపతిదీ. దాన్ని ఏ గ్రహాంతరవాసికో కట్టబెట్టడమంటే వాళ్ల కూలి ఎగ్గొట్టడమే. అలాగే రామప్ప అనే శిల్పి పేరు మీద గుడి వెలిసిందన్న మాట జనంలో ఉంది, శాసనంలో లేదు. జనంలో ఉన్న మాటను జనశ్రుతి అని రాయండి, శాసనంలో ఉన్నదాన్ని శాసనమని రాయండి. బోర్డు మీద ఈ రెండూ కలిపేయడం వల్లే వీడియోలవాళ్లకు సందు దొరుకుతోంది.

ఆధారానికి మించి చెప్పడం మన ఒక్కరి జబ్బే కాదు. ఇండోనేషియాలోని గునుంగ్ పడాంగ్ రాళ్ల గుట్టకు ఇరవై వేల ఏళ్లకు పైబడిన వయసు కడుతూ 2023లో వచ్చిన పరిశోధనా పత్రాన్ని 2024లో దాన్ని ప్రచురించిన పత్రికే వెనక్కి తీసుకుంది. వాళ్లు కాలం కట్టింది మట్టికి. ఆ మట్టిలో మనిషి చేసిన వస్తువు ఒక్కటీ లేదు.

ఇక మేం కోరేది. జీర్ణోద్ధరణకు సర్వశ్రేయోనిధి నుంచి డబ్బు అడిగితే దేవాదాయ శాఖ ప్లాను, అంచనా అడుగుతుంది. వాటితోపాటు మూడోది కూడా అడగాలి: ఇప్పుడున్న గుడి కొలతలు, నాలుగు వైపుల ఫొటోలు, అక్షరాలున్న ప్రతి రాయి నకలు కలిపిన రికార్డు. అది పురావస్తు శాఖకు చేరిందన్న రసీదు లేకుండా ఒక్క రూపాయి విడుదల కాకూడదు. పునాది గుంటలు తవ్వే రోజున ఆ శాఖ మనిషి ఒకరు అక్కడ ఉండాలి. రెండు తెలుగు ప్రభుత్వాలూ ఒక్క ఉత్తర్వుతో చేయగల పని ఇది. సిబ్బంది చాలరంటారు. చాలరు, నిజమే. చరిత్ర చదివిన పిల్లలు ప్రతి జిల్లాలో ఖాళీగా ఉన్నారు, నకళ్లు తీయడం వాళ్లకు నేర్పించండి. తడి కాగితాన్ని రాతికి అద్ది, బ్రష్షుతో కొట్టి, సిరా పూయడమేగా.

ప్రభుత్వం కదిలేలోగా ఊరు చేయదగ్గవి చాలా ఉన్నాయి. శాసనం రాయికి ఎనామిల్ పెయింటు వేయకండి. ఇసుక పిచికారీతో గోడలు కడిగిస్తే తళతళలాడతాయి, అక్షరాల అంచులు మాత్రం అరిగిపోతాయి. చదవడానికని అక్షరాల్లో సుద్ద నింపకండి. రాత్రిపూట టార్చిలైటును పక్కవాటంగా వేసి చూడండి, మసకబారిన గీత కూడా లేచి కనబడుతుంది. చాకిరేవులో బండగా, బడి మెట్టుగా పడి ఉన్న శాసనాన్ని మోసుకు రాబోయే ముందు అది ఎక్కడ, ఎలా పడి ఉందో ఫొటో తీయండి. గుప్తనిధుల ముఠా ఊళ్లో తిరుగుతోందని తెలిస్తే పోలీసులకు చెప్పండి. భూమిలో దొరికిన పది రూపాయలకు మించిన విలువైన వస్తువేదైనా కలెక్టరుకు తెలియజేయాలని 1878 నాటి చట్టమే చెబుతోంది. గుడి కేంద్ర రక్షిత కట్టడమైతే దాని చుట్టూ వంద మీటర్ల లోపు కొత్త కట్టడం నిషిద్ధం.

మరి దేవుడు వానకు తడుస్తూ ఉండాలా అని భక్తులు అడుగుతారు. అక్కర్లేదు. గుడిమల్లంలోనూ రామప్పలోనూ పూజలు సాగుతూనే ఉన్నాయి. కారే కప్పు బాగు చేసుకోండి. పడిపోబోయే రాయికి నంబరు వేసి, విప్పి, అదే చోట మళ్లీ నిలబెట్టండి. కొత్త మండపం కావాలంటే, చట్టం ఒప్పుకునే చోట, కాస్త ఎడంగా కట్టుకోండి.

వచ్చే గ్రామసభలో ఈ తీర్మానం పెట్టండి: ‘మా ఊరి పాత గుడిలో రికార్డు పూర్తయ్యేదాకా తవ్వకం గానీ, రంగు గానీ, రాయి తరలింపు గానీ జరగదు. గుడి గురించి తెలిసింది ఇదీ, తేలనిది ఇదీ అని ఆధారంతో సహా తెలుగులో బోర్డు పెడతాం.’ తీర్మానం ప్రతి ఒకటి దేవాదాయ శాఖకు, ఇంకొకటి పురావస్తు శాఖకు పంపించి, రసీదు తీసుకోండి.