పాట చాటున మాట

ఆత్రేయ అనగానే ఎవరికైనా పాటలే గుర్తొస్తాయి. 'మనసు కవి' అని పేరు తెచ్చిపెట్టినవీ అవే. కానీ ఆయన సినిమాలకు మాటలూ రాశారు. 'అర్ధాంగి' (1955), 'తోడికోడళ్లు' (1957), 'మాంగల్యబలం' (1959), 'వెలుగు నీడలు' (1961)... ఇవన్నీ ఆ కలం పలికించినవే!

అసలు పేరు కిళాంబి వేంకట నరసింహాచార్యులు. 1921 మే 7న సూళ్లూరుపేట దగ్గరి మంగళంపాడులో పుట్టారు. అప్పట్లో అది నెల్లూరు జిల్లా. 2022లో కొత్త జిల్లాలు ఏర్పడ్డాక తిరుపతి జిల్లాలో కలిసింది. అలా ఆత్రేయ ఇప్పుడు మన జిల్లావారయ్యారు.

గోత్రం పేరునే కలం పేరు చేసుకుని మొదట నాటకాలు రాశారు. 'ఎన్జీవో' ఓ చిరుద్యోగి బతుకు కథ. ఇంట్లో మనుషులు ఎలా మాట్లాడుకుంటారో రంగస్థలం మీదా అలాగే మాట్లాడించారు. సినిమాల్లోకి వచ్చాకా ఆ పద్ధతి వదల్లేదు. తోడికోడళ్ల గొడవైనా, అన్నదమ్ముల అలకైనా పక్కింట్లోంచి వినిపిస్తున్నట్టే ఉండేది.

తిరుపతివారికి ఆయన మరింత దగ్గరైన సినిమా 'శ్రీ వెంకటేశ్వర మహాత్మ్యం' (1960). పి.పుల్లయ్య ఇదే కథను 1939లో ఒకసారి తీశారు. అందులో పద్మావతిగా వేసిన శాంతకుమారి, రెండోసారి వకుళమాత అయ్యారు. శ్రీనివాసుడు ఎన్టీఆర్, పద్మావతి సావిత్రి. దేవుడి కథే అయినా వకుళమ్మ మాటల్లో వినిపించేది కొడుకు పెళ్లి కోసం ఆరాటపడే అమ్మ గొంతే. ఘంటసాల తెరపై కనిపించి పాడిన పాట కూడా ఆత్రేయదే.

మరుసటి ఏడాది శరత్ నవల 'దత్త' ఆధారంగా 'వాగ్దానం' తీసి దర్శకుడూ అయ్యారు. మళ్లీ ఆ కుర్చీలో కూర్చోలేదు. అందులో ఓ పాట దాశరథికి, హరికథ శ్రీశ్రీకి అప్పగించడం ఆయన పెద్ద మనసు.

రాయడానికి మాత్రం నిర్మాతల్ని తెగ తిప్పేవారట! అయినా వాళ్లు ఆయన గుమ్మం వదల్లేదు. ఎందుకో 'ప్రేమ్‌నగర్' (1971) చెబుతుంది. కోడూరి కౌసల్యాదేవి నవలకు మాటలూ పాటలూ ఆత్రేయవే. అప్పుల్లో ఉన్న రామానాయుడు ఆ సినిమాతోనే గట్టెక్కారు. తర్వాత అది తమిళంలో, హిందీలో కూడా వచ్చింది.

1989 సెప్టెంబరు 13న ఆత్రేయ కన్నుమూశారు. రేడియోలో పాట వేసేముందు రాసినవారి పేరు చెబుతారు. మాటకు ఆ భాగ్యం లేదు. తెరపై పలికిన నటుడిదైపోతుంది. ఈసారి టీవీలో 'తోడికోడళ్లు' వస్తే, పేర్లు పడేటప్పుడు ఛానెల్ మార్చకండి. 'మాటలు' అన్నచోట ఎవరి పేరుందో పిల్లలకు చూపించండి.