చక్రము చాటున సూర్యుడు

గడచిన క్షణమును వెనుకకు మరల్పగల ఆయుధ మొకటి చేతనున్న బాగుండునని ఎన్నడును కోరని మనుష్యు డుండడు. తీరని కోరిక గనుకనే అది కథయైనది. 2003వ సంవత్సరమున వెలువడిన ‘ప్రిన్స్ ఆఫ్ పర్షియా: ది శాండ్స్ ఆఫ్ టైమ్’ అను కంప్యూటరు ఆటలో పారసీక రాజకుమారుని చేత మాయబాకు ఒకటి ఉండును. దానియందు ఇసుక ఉన్నంతవరకు అతడు గడచిన కొన్ని క్షణములను వెనుకకు త్రిప్పి, తాను పడిన గోతిలో పడకుండ తప్పించుకొనును. ఇసుక తీరినచో బాకు పనిచేయదు. మన విద్యార్థులలో దీని నెరిగినవారు కలరు. ఉపాధ్యాయులు దీనిని వట్టి పిల్లచేష్టగా త్రోసివేయ నక్కరలేదు. ఇట్టి ఆయుధమును గూర్చిన కథ మన యింటను ఉన్నది. అది సైంధవవధ.

కురుక్షేత్రమున 13వ నాడు, శివుని వరబలముచే సైంధవుడు అర్జునుడు తప్ప తక్కిన పాండవులను వ్యూహద్వారమున నిలిపివేయగా, లోపల అభిమన్యుడు ఒంటరియై హతుడయ్యెను. మరునాటి సూర్యాస్తమయములోగా సైంధవుని వధింతును, లేనిచో అగ్నిప్రవేశము చేయుదునని అర్జునుడు ప్రతిన పూనెను. 14వ నాడు ప్రొద్దు వాలుచుండెను. సైంధవుడు మహారథుల నడుమ దాగియుండెను. అప్పుడు శ్రీకృష్ణుడు సూర్యుని మరుగుపరచెను. సంస్కృత భారతపు ప్రచలిత పాఠములో ఇది యోగబలముచే కల్పించిన చీకటి. సుదర్శన చక్రము నడ్డుపెట్టెననుట జనశ్రుతి. జనులు చెప్పుకొను ఆ కథలో, ప్రొద్దు క్రుంకెనని నమ్మి సైంధవుడు వెలికి వచ్చును. అర్జునుడు చితి పేర్చుకొనును. చక్రము తొలగి సూర్యుడు కనబడును. బాణము సైంధవుని శిరస్సును కొనిపోవును.

ఈ చీకటిని సూర్యగ్రహణముగా భావించి, దానినిబట్టి యుద్ధకాలమును గణింప జూచినవారు కలరు. సూర్యగ్రహణము అమావాస్యనాడు మాత్రమే పట్టును. ఆ రాత్రియు యుద్ధము సాగినదనియు, అలసిన సైనికులు చీకటిలో రణభూమిమీదనే నిద్రించిరనియు, పిదప చంద్రోదయము కాగా మరల పోరు మొదలయ్యెననియు ద్రోణపర్వమే చెప్పుచున్నది. అమావాస్యనాటి రేయి చంద్రు డెక్కడినుండి వచ్చును? ఇతిహాసమున ఖగోళశాస్త్రమును వెదకు తొందరలో ఇతిహాసమును చదువుటయే మరచుచున్నాము. ఇదంతయు అద్భుతకల్పన, నేటి పిల్లల కెందుకని పుస్తకము మూసివేయువారు చేయు తప్పును ఇట్టిదే.

మరి ఆ చక్రము చేసిన పని యేమి? అది కాలమును ఆపలేదు. సూర్యుడు తన త్రోవను తాను నడచుచునే యుండెను. అది కాలమును వెనుకకు త్రిప్పనూ లేదు. తానే కాలమునని గీతలో పదునొకండవ అధ్యాయమున చెప్పినవాడు, తన చెల్లెలి కుమారుని కొరకు ఒక్క పగటిని మరల తేలేదు. ఉత్తర కన్న మృతశిశువును తరువాత బ్రతికించినవాడే, ఆ శిశువు తండ్రిని సుభద్ర ఒడికి తిరిగి ఈయలేదు. భాగవత నవమస్కంధమున కకుద్మి కథయు ఇట్టిదే. కుమార్తెయైన రేవతికి తగిన వరుని అడుగుటకై ఆ రాజు బ్రహ్మసభకు పోయి, గానము ముగియువరకు వేచియుండెను. అంతలో భూమిపై 27 చతుర్యుగములు గడచిపోయెను. బ్రహ్మయు వానిని వెనుకకు మరల్పలేదు. ఇప్పుడున్న బలరామున కిచ్చి పెండ్లి చేయుమని మాత్రము చెప్పెను.

పారసీక రాజకుమారుని కథయందును ఒక హద్దు కలదు. మరణించిన రాజపుత్రి ఫరా, అతడు కాలమును వెనుకకు మరల్చినందున మరల బ్రతికియుండును. కాని ఆమెకు అతడెవరో తెలియదు. ఇరువురును కలిసి పడిన పాట్లన్నియు ఆమె పాలికి జరుగనివైనవి. ఆయుధమునకు ఎంత శక్తినైనను ఈయవచ్చును. దానికి హద్దెక్కడ పెట్టవలెనో తెలియుటలోనే కథకుని వివేకము కలదు.

చక్రము పనిచేసినది కాలముపై కాదు, గడువు తీరెనను మనుష్యుల నమ్మికపై. ఆ నమ్మిక ఇరువురికి కలిగెను. సైంధవుడు నమ్మి ఏమరెను. అర్జునుడు నమ్మి చితి పేర్చుకొనెను. ఒకనిది ధీమా, ఇంకొకనిది నిరాశ, పొరపాటు ఒక్కటే. గాండీవము చేతనుండియు అర్జునుడు దానిని దింపవలసినవాడే. ప్రొద్దింకను క్రుంకలేదు, అదిగో సూర్యుడని చెప్పువాడు ప్రక్కన నుండుటచే అతడు బ్రతికెను.

ఈ మాట నేడు ఉపాధ్యాయులకు వేరుగా చెప్పవలసియున్నది. ఇంటర్మీడియట్ ఫలితములు వెలువడిన దినములలో, తప్పినందుకు ప్రాణములు తీసికొన్న పిల్లల వార్తలు మన పత్రికలలో వచ్చుచున్నవి. పదునారు, పదునేడేండ్ల ప్రాయమున చీకటిని చూచి అస్తమయమని నమ్మినవారు వారు. తప్పిన పరీక్షను మరల వ్రాయవచ్చునని వారికి పుస్తకములు చెప్పియేయుండును. ఆ గంటలో ఆ మాటను పుస్తకము చెప్పజాలదు, మనిషి చెప్పవలెను.

కావున సైంధవవధను చెప్పు నుపాధ్యాయుడు, చక్రము సూర్యుని ఎట్లు కప్పెనను ప్రశ్నతో ఆగరాదు. ఆ వేళ అర్జునుని ప్రక్కన ఎవ్వరును లేకున్న ఏమి జరిగియుండునని తరగతిని అడుగవలెను. పిల్లలను ఆలోచింపనీయవలెను. ఫలితములు వచ్చిన సాయంకాలము, మొదటి శ్రేణి వచ్చినవారిని అభినందించుటకు ముందే, తప్పినవారి యిండ్లకు పోవలెను. విద్యార్థులును తమ చెలికానిని ఆనాడు ఒంటరిగా విడువరాదు.

గడచిన పరీక్షను వెనుకకు త్రిప్పు బాకు ఏ ఉపాధ్యాయుని చేతను లేదు. ప్రొద్దింకను ఉన్నదని చెప్పుట మాత్రము ప్రతి ఉపాధ్యాయునికిని సాధ్యము. అది వేళ మించకముందే చెప్పవలసిన మాట.