తెర వెనక గురువు

కమలహాసన్ చీర కట్టి ముసలావిడ వేషంలో నవ్వించిన 'భామనే సత్యభామనే' తెలుగు ప్రేక్షకులు మరిచిపోయే సినిమా కాదు. 1996లో వచ్చిన ఆ చిత్రానికి తమిళంలో పేరు 'అవ్వై షణ్ముగి'. డబ్బింగ్‌లో పేరు మారడంతో అందులోని నమస్కారం మనదాకా రాలేదు. అవ్వైయార్ పాత్రతో పేరు పొందిన రంగస్థల నటుడు టి.కె. షణ్ముగానికి కమల్ పెట్టిన నమస్కారం అది. బాల్యంలో కమల్ చేరింది ఆ టి.కె.ఎస్. సోదరుల నాటక సభలోనే. మరి షణ్ముగానికి నటన నేర్పిందెవరు? ఆ గురువు సమాధి పుదుచ్చేరిలోని కరువడికుప్పంలో ఉంది.

ఆయన పేరు శంకరదాస్ స్వామిగళ్. 1867లో తూత్తుకుడి ప్రాంతంలో పుట్టారు. యముడు, శనీశ్వరుడు వంటి భీకర పాత్రలకు ఆయన పెట్టింది పేరు. ఒకసారి ఆయన వేషం చూసి దడుచుకున్న ఓ గర్భిణికి గర్భస్రావమైందని, ఆ బాధతో ఆయన ముఖానికి రంగు వేసుకోవడమే మానేశారని తమిళ నాటకరంగం ఇప్పటికీ చెప్పుకుంటుంది. నటన మానినా నాటకాన్ని వదల్లేదు. కలం పట్టారు. 'వళ్లి తిరుమణం', 'పవళక్కొడి', 'కోవలన్', 'సత్యవాన్ సావిత్రి' అలా వచ్చినవే.

అప్పటి మద్రాసులో మరో రంగస్థలం కూడా ఉంది. 1891లో బళ్లారి నుంచి వచ్చిన ధర్మవరం కృష్ణమాచార్యుల నాటకాలు చూసి ఉత్సాహం పొందిన పమ్మల్ సంబంధ మొదలియార్ సుగుణ విలాస సభ స్థాపించారు. అది వకీళ్లు, ఉద్యోగులు సరదా కోసం ఆడిన రంగస్థలం. స్వామిగళ్‌ది నాటకమే కూడు పెట్టేవారి రంగస్థలం. అక్కడ నటులు నోటికొచ్చింది మాట్లాడేసేవారు. ఆయన వారి చేతికి కచ్చితమైన పాటలు, పద్యాలు, సంభాషణలు ఇచ్చారు. పెద్దవాళ్లు దారికి రావడం కష్టమనుకున్నారేమో, 1918లో మదురైలో పిల్లలతో 'తత్త్వ మీనలోచని విద్వ బాల సభ' నడిపారు. ఆరేళ్ల షణ్ముగం చేరింది అందులోనే.

చివరి రోజుల్లో పక్షవాతంతో మాట పడిపోయినా ఆయన కంపెనీని విడిచిపెట్టలేదు. 1922 నవంబరు 13న పుదుచ్చేరిలో కన్నుమూశారు. అప్పటికి తమిళ సినిమాకు మాటలు రాలేదు. వచ్చాక ఆయన శిష్యులు తెరకెక్కారు. టి.కె.ఎస్. సోదరుల 'మేనక' 1935లోనే సినిమా అయింది.

ఈ గురువును మరిచారని అనలేం. పుదుచ్చేరి విశ్వవిద్యాలయం తన నాటక కళల విభాగానికి ఆయన పేరు పెట్టుకుంది. 2019లో తమిళ సినీ నటుల సంఘం ఎన్నికల్లో ఒక ప్యానెల్ ఏకంగా ఆయన పేరుతోనే బరిలోకి దిగింది. అయితే పేరు పెట్టుకోవడం వేరు, పాఠం నిలబెట్టడం వేరు.

పాఠం నిలిచింది మదురై చుట్టుపక్కల పల్లెల్లో. అక్కడ 'స్పెషల్ నాటకం' అంటారు. జాతరకు ఒక ఊరి నుంచి రాజును, మరో ఊరి నుంచి రాణిని, ఇంకో ఊరి నుంచి హాస్యగాడిని విడివిడిగా పిలిపిస్తారు. రిహార్సల్ ఉండదు. ఒకరి ముఖం ఒకరు చూసుకునేది ఆ రాత్రే. అయినా తెల్లవార్లూ నాటకం ఆగదు. ఎందుకంటే అందరికీ వచ్చినవి స్వామిగళ్ నాటకాలే.

ఈ పద్ధతి మనకు కొత్తేమీ కాదు. ఒకటో కృష్ణుడు, రెండో కృష్ణుడు వేర్వేరు ఊళ్ల నుంచి బస్సు దిగి మన తిరునాళ్లలో రాయబారం నడిపించేదీ ఇలాగే. వారిని కలిపేది తిరుపతి వేంకట కవుల పద్యం. ఆ పద్యం వచ్చిన గొంతులు మనకింకా ఉన్నాయి. వారి దగ్గర కూర్చుని నేర్చుకునే ఆరేళ్ల పిల్లలు ఎందరున్నారన్నదే ప్రశ్న.