తీర్పు రాకముందే పొలం జప్తా?

పోస్టు కాస్త పెద్దదే, ఓపిగ్గా చదవండి.

పోయిన వారం మా బావమరిది ఎకరంన్నర మీద కోర్టు అమీనా వచ్చి జప్తు కాయితం అంటించాడు, దండోరా వేయించాడు. ఊళ్ళో అందరూ వీడు కేసు ఓడిపోయాడనుకున్నారు. ఓడిపోవడం కాదు, ఇంకా విచారణే మొదలవ్వలేదు! మందుల కొట్లో వాడిన సరుకు లక్షా ఎనభై వేలు. ఖాళీ ప్రోనోటు మీద సంతకం పెట్టాడు. దావాలో చూస్తే నాలుగు లక్షల ఇరవై వేలు.

దీన్ని తీర్పుకు ముందు జప్తు అంటారు. సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో 38వ ఆర్డరు, 5వ రూలు. బాకీ ఉన్నాడంటే చాలదు. రేపు వచ్చే డిక్రీ వసూలు కాకుండా చెయ్యాలనే ఉద్దేశంతోనే ఆస్తి అమ్ముతున్నాడని కోర్టుకు నమ్మకం కలగాలి. అప్పుడైనా ముందు జామీను ఇవ్వు, లేకపోతే ఎందుకు ఇవ్వక్కర్లేదో చెప్పు అని గడువు పెట్టాలి. ఆ అవకాశం ఇవ్వని జప్తు చెల్లదని ఆ రూలులోనే ఉంది.

మరి మావోడి మీద అఫిడవిట్‌లో ఏముంది? పొలం అమ్మకానికి పెట్టాడట. అవును, పెట్టాడు. మాఘంలో కూతురి పెళ్ళి, అరెకరం అమ్ముతానని టీ కొట్టు దగ్గర పదిమందిలో చెప్పాడు. దొంగచాటుగా అమ్మేవాడు పదిమందిలో చెబుతాడా? దావా పడినంత మాత్రాన మనిషి తన ఆస్తి ముట్టుకోకూడదని లేదని, తాకట్టు లేని అప్పును తాకట్టు అప్పుగా మార్చుకోడానికి ఈ రూలు కాదని 2007లోనే రామన్ టెక్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఇక్కడ జరుగుతున్నది సరిగ్గా అదే. పెళ్ళి టైము చూసి మెడ మీద కూర్చుంటే అడిగినంతా కడతాడని వాళ్ళ లెక్క.

అప్పిచ్చిన వాళ్ళంతా దొంగలని నేననను. సమన్లు రాగానే భార్య పేరున గిఫ్టు రాసేవాళ్ళు మనలోనూ ఉన్నారు, నాకే ఒకడు అలా ఎగ్గొట్టాడు. రూలు అలాంటివాళ్ళ కోసం ఉంది, వాడాల్సింది వాళ్ళ మీద.

మావోడి తప్పూ ఉంది. నోటీసు నెల కిందటే వచ్చింది. బియ్యం డబ్బా మీద పెట్టి పత్తి తీతకు పోయాడు. వాయిదాకి పోలా, కౌంటరు వెయ్యలా. ఎదురు చెప్పేవాడే లేకపోతే జడ్జిగారు అవతలోడి కాయితమే గదా చూసేది.

ఇంకో రెండు సంగతులు. జప్తు అయిన పొలాన్ని దున్నుకోవచ్చు, అమ్మడానికీ తనఖా పెట్టడానికీ లేదు. రైతు చేతిలో ఉన్న పంటనైతే తీర్పుకు ముందు జప్తు చెయ్యడానికే లేదు, 12వ రూలు. కల్లంలో కాయ ఎత్తుకుపోతామని ఎవడన్నా బెదిరిస్తే ఆ రూలు నంబరు చెప్పండి. సరైన కారణం లేకుండా జప్తు చేయిస్తే 95వ సెక్షను కింద 50 వేల దాకా నష్టపరిహారం అడగొచ్చు. ఒక కుటుంబం పరువుకి 50 వేలేంటో నాకర్థం కాదు, అది వేరే సంగతి.

జామీను ఇస్తే జప్తు ఎత్తేస్తారు. సోమవారం నా పొలం కాయితాలు పట్టుకుని ప్లీడరు దగ్గరికి పోతున్నాం.