వేలితో కొట్టి చూస్తే...

రామప్ప గుడికి పిల్లల్ని తీసుకెళ్లిన ఓరుగల్లు వాళ్లెవరైనా ఓ మాట చెప్పకుండా ఉండరు. లోపల కొలువైన దేవుడు రామలింగేశ్వరుడు. కట్టించింది కాకతీయుల సేనాని రేచర్ల రుద్రుడు. కానీ జనం నోట నిలిచింది మాత్రం శిల్పి రామప్ప పేరేనని! 1213 నాటి గుడి అది. 2021లో యునెస్కో గుర్తింపు వచ్చినప్పుడూ ఆ పేరే ప్రపంచమంతా మోగింది.

అంతటి అదృష్టం సినిమాల్లో కోటలూ నగరాలూ కట్టేవాళ్లకు దక్కుతుందా?

ఆ మధ్య రామోజీ ఫిల్మ్‌సిటీలో 'బాహుబలి' సెట్టు చూడ్డానికి వెళ్లాం. ఓ పెద్దావిడ స్తంభం దగ్గర ఆగి, వేలితో టకటకా కొట్టి చూసింది. "రాయి కాదే పిల్లా, ఉత్త డొల్ల!" అంది మనవరాలితో, మోసపోయినట్టు మొహం పెట్టి. కొట్టి చూసేదాకా ఆవిడ అది రాయనే అనుకుంది కదా! ఆ పని చేసిన మనిషికి అంతకు మించిన మెచ్చుకోలు ఏముంటుంది?

ఆ మనిషి పేరు సాబు సిరిల్. మలయాళీ. చెన్నై ప్రభుత్వ లలితకళల కళాశాలలో చదువుకున్నారు. మలయాళ చిత్రం 'తేన్మావిన్ కొంబత్తు' (1994)తో తొలి జాతీయ అవార్డు అందుకున్నారు. ఆ వెంటనే 'కాలాపానీ'లో అండమాన్ జైలును కళ్లకు కట్టి రెండోది తెచ్చుకున్నారు. 'ఓం శాంతి ఓం' (2007)లో 1970ల నాటి బొంబాయి సినీలోకాన్ని మళ్లీ నిలబెట్టినందుకు మూడోది వచ్చింది. నాలుగోది 2010లో మనం 'రోబో'గా చూసిన శంకర్ సినిమాకి.

ఆ 'రోబో'లోనే ఇంకో విశేషం ఉంది. ప్రొఫెసర్ బోరా బేరసారాల దృశ్యాల్లో షా అనే పాత్ర కనిపిస్తుంది, గుర్తుందా? ఆ వేషం వేసింది సాబు సిరిలే. తను కట్టిన సెట్ల నడుమ తనే నటించారన్నమాట. మనమంతా ఆయన్ని కళ్లారా చూశాం. కానీ ఈ లోకాన్ని కట్టింది ఈయనేనని ఎంతమందికి తెలుసు?

ప్రొడక్షన్ డిజైనరంటే గోడలకు రంగులేయించే మనిషి కాదు. 'రాజు రథమెక్కి యుద్ధానికొచ్చాడు' అని కథలో ఒక్క వాక్యం ఉంటుంది. ఆ రథం ఎంత ఎత్తుండాలి, ఏ రంగులో ఉండాలి, ఎలా కదలాలి అన్నదంతా ఈయన తేల్చాలి. భల్లాలదేవుడి రథం ముందు గిరగిరా తిరిగే కత్తులు చూసి హాల్లో ఈలలేశాం. ఆ రథం లోపల దాగి ఉన్నది బుల్లెట్ మోటారుసైకిల్ ఇంజను! బొమ్మ గీయడం ఒక్కటే వస్తే చాలదు. వడ్రంగం, మెకానిజం, చరిత్ర, లెక్కలు అన్నీ తెలియాలి. ఇంతా చేసి, షూటింగ్ అయిపోగానే చాలా సెట్లు నేలమట్టమైపోతాయి.

మన ఇళ్లల్లోనూ లెక్కల నోట్సు చివరి పేజీల్లో బొమ్మలు గీసే పిల్లలుంటారు. "బొమ్మలు కూడు పెడతాయా?" అని పుస్తకం లాక్కుంటాం. అందరూ సాబు సిరిల్ కాలేరు, నిజమే. అందరూ ఇంజినీర్లూ కాలేరుగా! హైదరాబాద్‌లో 2008 నుంచీ జేఎన్‌ఏఎఫ్‌ఏయూ అని లలితకళలకూ ఓ విశ్వవిద్యాలయం ఉంది. మనలో ఎందరం పిల్లలకు ఆ సంగతి చెప్పాం?

ఈసారి సినిమాకి వెళ్తే, టైటిల్స్ పడేటప్పుడు పాప్‌కార్న్ కాసేపు పక్కన పెట్టండి. 'కళ' అన్న మాట పక్కన ఉన్న పేరును పిల్లలకు పైకి చదివి వినిపించండి. రామప్ప పేరు ఇన్ని వందల ఏళ్లు నిలిచింది జనం పలకబట్టే కదా!