కన్ను దాటి వచ్చే చేప

మూసాపేటలోనైనా కూకట్‌పల్లిలోనైనా ఆదివారం చేపల కోసం వెళ్లేవాళ్లు ఎక్కువగా అడిగేవి బొచ్చె, రవ్వ, కొర్రమీను. ఇవన్నీ మంచినీటి చేపలే. అప్పుడప్పుడూ సముద్రపు చేపల బుట్టలో మాత్రం ఓ వింత చేప కనిపిస్తుంది. ఎవరో కాలితో తొక్కినట్టు బల్లపరుపుగా, కొస తేలి, అచ్చం నాలుకలా ఉంటుంది. రెండు కళ్లూ ఒకే వైపు! రెండో వైపు తిప్పి చూస్తే కన్ను ఉండదు, రంగూ ఉండదు. తెల్లగా పాలిపోయి ఉంటుంది. అదే నాలుక చేప.

ఇది పుట్టుకతోనే ఇలా ఉండదు. గుడ్డులోంచి వచ్చినప్పుడు అన్ని చేపపిల్లల్లాగే దీనికీ చెరోవైపు ఒక కన్ను ఉంటుంది. నిటారుగా ఈదుతుంది. కొన్నాళ్లకు థైరాయిడ్ హార్మోన్ పని మొదలుపెడుతుంది. పుర్రె ఎముకలు మెలి తిరుగుతాయి. కుడికన్ను మెల్లగా జరిగి ఎడమవైపు చేరుతుంది. అప్పుడు పిల్ల అడుక్కి దిగి, కుడివైపును నేలకు ఆనించి, పక్కకు ఒరిగి పడుకుంటుంది. ఇక జీవితమంతా అంతే. ఒంటిమీద ఇసుక కప్పుకుని, కళ్లు మాత్రం పైకి పెట్టి, పురుగుల కోసం, చిన్న రొయ్యల కోసం కాచుకుంటుంది.

డార్విన్‌కు చిక్కుప్రశ్న

ఈ కన్నే ఒకప్పుడు పెద్ద వాదానికి కారణమైంది. జీవులు కొద్దికొద్దిగా మారుతూ వచ్చాయన్న డార్విన్ మాటను మైవార్ట్ అనే శాస్త్రవేత్త 1871లో నిలదీశాడు. కన్ను పూర్తిగా ఇటు వస్తే లాభమే. మరి సగం దూరం జరిగి ఆగితే ఏం ప్రయోజనం? నేలకు ఆనిన వైపే ఉన్న కన్ను చేపకు ఎందుకు పనికొస్తుంది? డార్విన్ 1872లో తన పుస్తకం ఆరో కూర్పులో దీనికి సమాధానం రాశాడు. పక్కకు ఒరిగిన పిల్లచేపలు కింది కంటిని పైకి తిప్పి చూడటానికి ప్రయత్నిస్తాయని గుర్తుచేశాడు. కానీ సగం దారిలో ఆగిన కన్ను ఉన్న చేపను మాత్రం చూపించలేకపోయాడు.

ఆ సాక్ష్యం దొరకడానికి 136 ఏళ్లు పట్టింది. మ్యాట్ ఫ్రీడ్‌మన్ అనే పరిశోధకుడు 2008లో మ్యూజియాల్లోని పాత శిలాజాలను మళ్లీ పరీక్షించాడు. దాదాపు 5 కోట్ల ఏళ్లనాటి ఆంఫిస్టియం, హెటెరోనెక్టిస్ అనే చేపల్లో ఒక కన్ను నడినెత్తి వైపు జరిగింది కానీ రెండోవైపుకు దాటలేదు. అంటే సగం దారి చేపలు నిజంగానే ఉండేవన్నమాట!

శిలాజాల దాకా ఎందుకు? మన బంగాళాఖాతంలోనే దొరికే సెట్టోడెస్ ఎరుమి అనే బల్లపరుపు చేపను చూడండి. దాని కదిలిన కన్ను ఇప్పటికీ తల అంచు మీదే ఉంటుంది. కొన్నిటికి కళ్లు ఎడమవైపు, కొన్నిటికి కుడివైపు!

విశాఖలో రాసుకున్న పేర్లు

ప్రపంచంలో బల్లపరుపు చేపలు సుమారు 800 రకాలు. వాటిలో 150కి పైగా నాలుక చేపల కుటుంబానివే. ఈ కుటుంబంలో ఓ పెద్ద ప్రజాతి పేరు సైనోగ్లోసస్. అంటే గ్రీకులో కుక్క నాలుక. కేరళలో మంతల్ అని ఇష్టంగా తినేదీ ఈ కుటుంబపు చేపే. కొన్ని రకాలు నదుల్లోకీ ఎక్కుతాయి. పసిఫిక్ అడుగున వేడినీటి బుగ్గల పక్కన బతికే రకాన్ని 2008లో గుర్తించి పేరు పెట్టారు.

తెలుగు తీరంలో వీటిని మొదట బొమ్మలతో సహా అచ్చువేసినవాడు ప్యాట్రిక్ రస్సెల్. ఈస్టిండియా కంపెనీ ఉద్యోగి. విశాఖపట్నంలో సేకరించిన 200 చేపల మీద 1803లో పుస్తకం తెచ్చాడు. జాలర్లు చెప్పిన పేర్లనే తన చెవికి వినిపించినట్టు రాసుకున్నాడు. అందులో ‘జెర్రీ పోటూ’ ఒకటి. ఫ్రాన్సుకు చెందిన క్యువియె 1829లో ఓ నాలుక చేపకు పెట్టిన శాస్త్రీయ నామంలోకి ఆ ‘పోటూ’ ఎక్కింది. మన జాలరి నోటిమాట లాటిన్ పుస్తకాల దాకా వెళ్లిందన్నమాట.

వేడి పెరిగితే...

చైనాలో పెంచే నాలుక చేప జన్యుపటాన్ని 2014లో ప్రకటించారు. కోళ్లలో లాగే ఇందులోనూ ఆడదానికి జడ్, డబ్ల్యూ క్రోమోజోములు. మగది రెండు జడ్‌లు. ఆడచేపలు మగవాటికన్నా బాగా పెద్దవి. అయితే పిల్లలను మామూలుకన్నా వెచ్చని నీటిలో పెంచితే, ఆడవిగా ఎదగాల్సినవి చాలావరకు మగవైపోతున్నాయి! నీటి వేడిని బట్టి ఆడామగా మారిపోయే చేపకు సముద్రం వేడెక్కడం చిన్న సంగతి కాదు.

దాని రెండో కష్టం మరవలల నుంచి. ఇసుకలో దాక్కోవడం పెద్దచేపల నుంచి కాపాడుతుంది కానీ, అడుగును గీరుకుంటూ పోయే వల నుంచి కాపాడదు. చిన్న కన్నుల వల అయితే పిల్లలనూ వదలదు. తూర్పు తీరంలో ఏటా ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా 61 రోజులు మరపడవల వేట ఆపేది చేపలు గుడ్లు పెట్టి, పిల్లలు ఎదగడానికే. ఆ రెండు నెలలే కాదు, వల కన్ను పెద్దదిగా ఉంచడమూ ముఖ్యమే. కోట్ల ఏళ్ల కిందటే ఇటు దాటిన కన్ను అది. దాన్ని చూసే భాగ్యం మన పిల్లలకూ మిగలాలి కదా!