తీసివేత రాని చదువుతో రైతుకు ఒరిగేదేమిటి?

పంట ఇల్లు దాటిందంటే రైతు చేతికి వరుసగా కాగితాలు వస్తాయి. కాంటా చీటీ, అడ్తి దుకాణం తక్‌పట్టీ, ఎరువుల దుకాణం బాకీ పద్దు, బ్యాంకు పాసుబుక్కు, కరెంటు బిల్లు. పేర్లు వేరైనా వీటన్నిటిలోనూ ముఖ్యమైన లెక్క ఒక్కటే. అది తీసివేత. వరంగల్ ఎనుమాముల యార్డుకు పత్తి, మిర్చి తోలే రైతుకైనా, ఊళ్లోని కొనుగోలు కేంద్రంలో వడ్లు పోసే రైతుకైనా చివరకు చేతికి వచ్చేది తీసివేయగా మిగిలినదే. ఆ మిగిలినది సరైనదో కాదో చూసి చెప్పేవారు ఇంట్లో ఒక్కరైనా ఉండవద్దా?

పిల్లల్ని బడికి పంపుతున్నాం కదా అనవచ్చు. గ్రామీణ భారతంలో పిల్లల చదువును పరీక్షించే ‘అసర్’ సర్వే 2024లో ఏం తేల్చిందో చూడండి. మూడో తరగతి పిల్లల్లో రెండంకెల తీసివేత చేయగలిగినవారు నూటికి 33.7 మంది. 2022లో ఇది 25.9 మాత్రమే. కొంత మెరుగుపడిన మాట నిజమే. అయినా ముగ్గురిలో ఇద్దరికి ఇంకా రానట్టే. రెండంకెల దగ్గర ఆగినవారు వేలల్లో, లక్షల్లో ఉండే కాంటా చీటీని ఎలా సరిచూస్తారు?

ఒక ఉదాహరణ చూద్దాం. వడ్లతో ట్రాక్టరు వేబ్రిడ్జి ఎక్కితే 7,040 కిలోలు తూగింది. ఖాళీ ట్రాక్టరు 3,265 కిలోలు. వడ్లు ఎన్ని? తీసివేత సరిగా నేర్వని పిల్లవాడు ప్రతి ఇంట్లోనూ పెద్ద అంకెలోంచి చిన్న అంకెను తీసేసి 4,225 అంటాడు. అసలు జవాబు 3,775. తేడా నాలుగున్నర క్వింటాళ్లు! ఆ పిల్లవాడి మాట నమ్మిన తండ్రి సరిగా రాసిన గుమాస్తాతో తగాదా పెట్టుకుంటాడు. మరోనాడు నిజంగానే తప్పు రాసి ఉంటే గమనించక సంతకం పెట్టి వస్తాడు. లెక్క రానివాడికి లేని మోసం కనిపిస్తుంది, ఉన్న మోసం కనిపించదు.

ఈ తిప్పలన్నీ ‘అప్పు’ దగ్గరే వస్తున్నాయి. పై అంకె చాలకపోతే పక్క ఇంటి నుంచి ఒకటి అప్పు తెచ్చుకోమని బడిలో చెబుతారు. ఆ మాటే పిల్లల్ని తికమక పెడుతోంది. అప్పు అంటే తిరిగి ఇవ్వాలి. ఈ అప్పును ఎవరూ తిరిగి ఇవ్వరు. ఒకటి తెస్తే అది పది ఎలా అయిందో కూడా వాడికి తెలియదు. నిజానికి ఇది అప్పు కాదు, చిల్లర మార్చడం. ఏడు రూపాయలు ఇవ్వాల్సి వచ్చినప్పుడు జేబులో పది నోటు తప్ప లేకపోతే ఏం చేస్తాం? చిల్లర మారుస్తాం. సొమ్ము పెరగదు, తరగదు. పై లెక్కలోనూ అంతే. సున్నలోంచి 5 పోదు కనుక ఒక పదిని పది ఒకట్లుగా మార్చాలి. పదుల్లో మిగిలిన 3లోంచి 6 పోదు. వందల ఇల్లు ఖాళీ. అందుకని వేయిని పది వందలుగా, వాటిలో ఒక వందను పది పదులుగా మార్చాలి. అప్పుడు సున్న ఉన్నచోట 9 ఎందుకు నిలిచిందో పిల్లవాడికి తానే తెలుస్తుంది.

సున్నలు మరీ ఎక్కువైతే మన కిరాణా కొట్టు షావుకారు పద్ధతి ఉండనే ఉంది. లక్ష రూపాయల అసలులో 63,485 కట్టాం, ఇంకా ఎంత కట్టాలి? 63,485కు 15 కలిపితే 63,500. దానికి 500 కలిపితే 64,000. మరో 36,000 కలిపితే లక్ష. అంటే బాకీ 36,515. బడి పద్ధతిలో చేసి, షావుకారు పద్ధతిలో సరిచూసుకుంటే పొరపాటుకు తావుండదు.

భూమి లెక్కలో మరో చిక్కు ఉంది. 5 ఎకరాల 10 గుంటల్లో 2 ఎకరాల 30 గుంటలు అమ్మితే మిగిలేదెంత? మామూలు అంకెల్లా 510లోంచి 230 తీసేస్తే 280 వస్తుంది. దాన్ని 2 ఎకరాల 80 గుంటలని చదివితే ఇక కోర్టు మెట్లు ఎక్కాల్సిందే. ఎకరానికి 40 గుంటలు. కాబట్టి ఒక ఎకరాన్ని విప్పితే వచ్చేవి 40 గుంటలే. 4 ఎకరాల 50 గుంటల్లోంచి తీస్తే మిగిలేది 2 ఎకరాల 20 గుంటలు. అదే సెంట్ల లెక్క అయితే ఎకరానికి 100. చిల్లర మార్చడమని అర్థమైనవాడు ఇక్కడ తడబడడు. ‘అప్పు’ను బట్టీ పట్టినవాడు తప్పక తడబడతాడు.

సెల్‌ఫోనులో లెక్కల యంత్రం ఉండగా ఇదంతా దేనికని కొందరంటారు. గుంటలు నలభై అని ఆ యంత్రం చెప్పదు. కలపాలో తీసివేయాలో కూడా చెప్పదు. ‘ఈ ఏడు పత్తికి 48,200 రూపాయలు వచ్చాయి. నిరుటికన్నా ఇది 9,750 ఎక్కువ. నిరుడు ఎంత వచ్చింది?’ అని అడిగితే, ‘ఎక్కువ’ అన్న మాట వినగానే కలిపేసే పిల్లలున్నారు. ఇక్కడ తీసివేయాలి. జవాబు 38,450. లెక్కలోని కథ అర్థం కానివాడికి యంత్రం ఉన్నా ఒకటే, లేకున్నా ఒకటే.

కాబట్టి ఉపాధ్యాయులు పుస్తకంలోని లెక్కలతో పాటు ఊళ్లోని పాత చీటీలను, బిల్లులను తరగతిలోకి తేవాలి. తల్లిదండ్రులు కరెంటు బిల్లు రాగానే పిల్లల చేతికివ్వాలి. ఇప్పటి రీడింగు 10,032, కిందటిది 9,857 అయితే కాలింది 175 యూనిట్లని వారే చెప్పాలి. మార్కెట్ అధికారులు కూడా మొత్తం బరువు, ఖాళీ బండి బరువు, తరుగు, నికర బరువు వేర్వేరు గడుల్లో, తెలుగులో, చదవడానికి వీలుగా ఉండే చీటీ ఇప్పించాలి. వీటికి పెద్ద ఖర్చేమీ కాదు. ఆరుగాలం కష్టపడి పండించిన పంటకు ఎంత రావాలో ఇంట్లోనే తేల్చుకోగలిగితే, సంతకం పెట్టేముందు రైతు ఒకరి ముఖం చూడాల్సిన అవసరం ఉండదు.